ఎవరూ నమ్మని ఆడదాని వేషం

కలకత్తా బెంగాలీ నాటకాల్లో నాకు మాటలుండే వేషం రావడానికి చాలా ఏళ్ళు పట్టింది. అంతకు ముందు వేసినవన్నీ నోరు లేనివే. దీపం పట్టుకునే దాసి, గుంపులో వెనక నిలబడే ఆడమనిషి, ఒకసారైతే శవం. శవాన్ని మాత్రం అందరూ తెగ మెచ్చుకున్నారు. నా బెంగాలీ సంగతి అలాంటిది మరి. పుట్టింది హౌరాలో, పెరిగింది లిలువాలో, చదువుకుంది బెంగాలీ పిల్లల మధ్యన. అయినా నోరు తెరిస్తే చాలు, "దీదీ, మీది ఏ ఊరు?" అంటారు. లిలువా అని చెబితే నవ్వుతారు. మా ఇంట్లో శ్రీకాకుళం తెలుగు తప్ప ఇంకోటి వినబడదు, నేనేం చెయ్యను?

డల్హౌసీలో ఆఫీసు పని ముగిశాక సాయంత్రాలు ఆ నాటక బృందంతో గడపడం నాకు అలవాటు. పెళ్ళి చేసుకోలేదు, పిల్లల్లేరు. దీని మీద మా అమ్మ అభిప్రాయం ఇక్కడ రాస్తే కాగితం చిరుగుతుంది. ఆ చలికాలం మా దర్శకుడు, మేమంతా దాదా అని పిలిచే పెద్దాయన, పాత గ్రీకు విషాద నాటకాల పద్ధతిలో బెంగాలీలో తనే ఒక నాటకం రాసుకొచ్చాడు. యుద్ధం గెలిచిన రాజు ఇంటికొస్తాడు. ఓడిన ఊరి నుంచి ఒక ఆడమనిషిని బందీగా తెచ్చుకుంటాడు. ఆమెకి జరగబోయేది కళ్ళకు కడుతుంది. ఒక దేవుడు ఆమెకి ఆ చూపు ఇచ్చాడట, తర్వాత కోపం వచ్చి, నువ్వేం చెప్పినా ఎవరూ నమ్మరు పొమ్మని శపించాడట. రాజుగారింటి తలుపు వెనక రాజుకీ తనకీ చావు కాచుకుని ఉందని ఆమెకి తెలుసు. ఆ తలుపు ముందు నిలబడి, ఊళ్ళోని ముసలాళ్ళకి అంతా చెబుతుంది. వాళ్ళు తలలూపుతారు, అయ్యో అంటారు, నమ్మరు. అప్పుడామె తనంతట తానే లోపలికి నడిచి వెళ్ళిపోతుంది.

"ఈ వేషం నీదే" అన్నాడు దాదా. నా మొహం వెలిగిపోయింది. ఆయన అంతటితో ఆగొచ్చు కదా! "ఆమె పరాయి దేశం మనిషి కదా, నీ యాస ఇన్నాళ్ళకి మాకు పనికొచ్చింది" అన్నాడు. మెచ్చుకున్నాడో వెక్కిరించాడో తేల్చుకోలేక పోయాను. ఆమె మొదటిసారి నోరు విప్పినప్పుడు ముసలాళ్ళకి ముక్క అర్థం కాకూడదు కాబట్టి, ఆ నాలుగు మాటలూ నా సొంత భాషలోనే చెప్పుకోమన్నాడు. లోకల్ రైల్లో కిక్కిరిసిన జనంలో నిలబడి ఇంటికొస్తూ నాలో నేనే నవ్వుకున్నాను. పక్కావిడ నన్ను చూసి కాస్త జరిగింది.

మా ఇంట్లో అప్పటికి ముగ్గురం ఆడవాళ్ళం. అమ్మ, పెద్దమ్మ, నేను. పెద్దమ్మ అంటే అమ్మకి తోడబుట్టిన అక్క, మా యాసలో అప్ప. పెదనాన్న లిలువా రైల్వే వర్క్‌షాపులో పనిచేసి పోయాక, పిల్లలు లేని మనిషి, మా దగ్గరికే వచ్చేసింది. మా నాన్న కూడా పోయాక అప్పాచెల్లెళ్ళిద్దరూ ఒకే మంచం మీద పడుకునేవాళ్ళు. పడుకునేది తక్కువ, పోట్లాడుకునేది ఎక్కువ. దుప్పటి నువ్వు లాగీసినావంటే నువ్వు లాగీసినావని. నాకు తెలుగు చదవడం వచ్చిందంటే పెద్దమ్మ చలవే. బైబిలు ఒళ్ళో పెట్టుకుని ఒక్కొక్క అక్షరం మీద వేలు పెట్టి చదివించేది, తప్పు చదివితే అదే వేలు మడిచి మొట్టేది.

పెద్దమ్మ నాలుక మీద ఒక నల్లమచ్చ ఉండేది. అలాంటి మచ్చ ఉన్నవాళ్ళు ఏమంటే అది జరిగి తీరుతుందని మన తెలుగువాళ్ళకి ఒక బెదురు. మేం క్రైస్తవులం, తథాస్తు దేవతలు మాకు లేరు, కానీ భయాన్ని మాత్రం ఎవరూ వదులుకోలేదు. "ఈ వానలు దాటడు మీ బావ" అని పెదనాన్న గురించి పెద్దమ్మే అమ్మతో అంది. దాటలేదు. మా చర్చి సంఘంలో ఒక పిల్లకి సంబంధం కుదిరినప్పుడు, "ఆ పెళ్ళికొడుకు తాగుతాడు, ఒగ్గీయండి" అంది. వినలేదు. ఏడాది తిరక్కుండా ఆ పిల్ల పుట్టింటికొచ్చేసింది. చెప్పింది వినలేదే అని వాళ్ళు బాధపడ్డారనుకుంటున్నారా? ఈ ముసల్ది అనబట్టే ఇలా అయిందని ఆమెనే ఆడిపోసుకున్నారు. ఎవరింట్లోనైనా చంటిపిల్లని చూడ్డానికి ఆమె వెళ్తే, బిడ్డ ఇప్పుడే పడుకుందని గుమ్మంలోనే చెప్పేవారు. పెద్దమ్మ సరేలే అని, తెచ్చిన సబ్బూ పౌడరూ ఇచ్చి వచ్చేసేది. నాకైతే ఒళ్ళు మండిపోయేది.

ఆమెలో మాయా మంత్రం ఏమీ లేదు. మనిషిని తేరిపార చూసేది, కనబడింది చెప్పేది, అంతే. మిగతా వాళ్ళం చూడ్డానికి భయపడతాం కాబట్టి మనకి కనబడదు.

ఆ ఏడు దుర్గాపూజలు వెళ్ళిన దగ్గర్నుంచి పెద్దమ్మకి తిండి సయించడం మానేసింది. తిన్నది నిలిచేది కాదు. పరీక్షలన్నీ చేయించాం. కడుపులో గడ్డ ఉందన్నారు. డాక్టరు మంచివాడు, ఉన్నదున్నట్టు చెప్పాడు. "ఆపరేషన్ చేస్తే ఆశ ఉంది, ఈ వయసులో ప్రమాదమూ ఉంది. మీరే ఆలోచించుకోండి" అన్నాడు. అమ్మకి ఆ మొదటి సగమే వినబడింది.

ఒక శనివారం పొద్దున్న పెరట్లో ఇద్దరూ చేపలు బాగు చేస్తున్నారు. అమ్మ కత్తిపీట మీద కూర్చుంది, పెద్దమ్మ బూడిద రాసి ఇస్తోంది. నేను గుమ్మంలో కూర్చుని నా మాటలు బట్టీ పడుతున్నాను. పెద్దమ్మ తలెత్తకుండానే చెప్పింది.

"ఓలే, ఇలగిను. ఆ ఆపరేసన్ నాకొద్దు. లోపలికెల్తే నాను మరి రాను. నాకు తెలస్తంది. ఉన్నన్నాళ్ళు ఇలగే నీ పక్కన పడుకుంటాను. అంతే నాకు గావాల."

"సీ! నోర్ముయ్యప్పా!" అంది అమ్మ. "పొద్దున్నే ఏటా మాటలు? నీ నోట్లోంచి ఒక్క మంచి ముక్క రాదేటి?" లేచి వెళ్ళి కుళాయి తిప్పి బకెట్ కింద పెట్టింది. నీళ్ళ చప్పుడు మీద గొంతెత్తి పాట అందుకుంది. పెద్దమ్మ ఇంకేదో అనబోయి, పాట అయ్యేదాకా ఆగింది. అమ్మ ఆ పాట కాగానే ఇంకో పాట ఎత్తుకుంది. చేపలన్నీ అయిపోయాయి.

నేను ఊరుకోలేదు. పెద్దమ్మ లోపలికెళ్ళాక అమ్మతో, "వద్దంటంది కదమ్మా, దాని మాట ఒక్కసారి ఇనొచ్చు కదా" అన్నాను. "నాటకాలేసీదానివి, బతుకులు నీకేటి తెలుసు?" అని కసిరింది. నాకూ నోరుంది కదా, నేనూ అన్నాను, ఇద్దరం రెండు రోజులు మాట్లాడుకోలేదు. మాట్లాడుకోకపోయినా ఆపరేషన్ ఏర్పాట్లు మాత్రం ఆగలేదు.

మా సంఘంలో ఒక అలవాటుంది, తెలియని వాళ్ళకి చెప్పాలి. శుక్రవారం సాయంత్రాలు ఎవరో ఒకరింట్లో కూడిక పెట్టుకుంటాం. చాపలు పరుస్తాం, పాటలు పాడతాం, తర్వాత పాస్టరు అయ్యగారు ప్రార్థన మనవులు చెప్పమంటారు. కొడుక్కి ఉద్యోగం, కోడలికి కాన్పు, మోకాళ్ళ నొప్పులు. ఎవరేం చెప్పినా అందరూ ఆమెన్ అంటారు, ప్రార్థన చేస్తారు, టీ తాగి వెళ్ళిపోతారు. అక్కడ చెప్పింది దేవుడికి చెప్పినట్టే గానీ మనుషులకి చెప్పినట్టు కాదు. దేవుడు వింటున్నాడు కదా, మళ్ళీ మనం వినడం దేనికి?

ఆ వారం కూడిక మా ఇంట్లోనే. మనవుల వంతు వచ్చేసరికి పెద్దమ్మ గోడకి ఆనుకుని లేచి నిలబడింది. అప్పటికే చిక్కి సగమైంది. "నాదొక్కటే మనవి" అంది. "నాకా ఆపరేసన్ వద్దని మీరైనా నా సెల్లికి సెప్పండి. నానెల్తే రాను."

అమ్మ తలవంచుకుని కళ్ళు గట్టిగా మూసుకుంది. మనిషి మాట్లాడుతున్నా ఆవిడ ప్రార్థనలోనే ఉంది. అయ్యగారు చెడ్డాయన కాదు, పెద్దమ్మంటే గౌరవం ఉన్న మనిషే. కానీ ఆయనకి వచ్చింది ఒకటే పద్ధతి. చెయ్యి చాపి, "ఈ తల్లి నోట పలికిన మరణపు మాటని యేసు నామంలో గద్దిస్తున్నాం" అన్నారు. చాపల మీద అందరూ ఆమెన్ అన్నారు. చావు గురించి మాట్లాడితే అది అవిశ్వాసం. అవిశ్వాసాన్ని గద్దించాలి. గద్దించారు, అయిపోయింది, టీ వచ్చింది.

అక్కడితో ఆగినా బాగుండేది. విశ్వాసం అంటే జరగకముందే కృతజ్ఞత చెప్పడం అని అయ్యగారు వివరించారు. ఆపరేషన్ అయ్యాక పెట్టాల్సిన కృతజ్ఞత కూడికకి అప్పటికప్పుడే ఒక శనివారం ఖాయం చేసేశారు. షామియానా ఎక్కడ వెయ్యాలి, వంటమనిషి ఎవరు, మటనా చికెనా, అంతా మాట్లాడుకున్నారు. అమ్మ మొహంలో ఎన్ని రోజులకో వెలుగు కనిపించింది. పెద్దమ్మ మెల్లిగా కూర్చుంది, వాళ్ళ లెక్కలు కాసేపు వింది.

"మటన్ ఎక్కువ సెప్పండి" అంది. "కరగ్‌పూర్ వోళ్ళు కూడా వస్తారు."

"ఆపరేషన్ కృతజ్ఞతకి అంత దూరం నుంచి మీ చుట్టాలెందుకొస్తారమ్మా?" అని ఒకావిడ నవ్వింది.

"వస్తార్లే" అంది పెద్దమ్మ.

ఆ ముక్క విని అందరూ అబ్బో, ఎంత విశ్వాసమో అనుకున్నారు. నేను వంటింట్లోకి పారిపోయి కప్పులు కడిగాను. నవ్వొచ్చింది, నవ్వుతూనే వెక్కిళ్ళు వచ్చాయి.

తర్వాత్తర్వాత పెద్దమ్మ మంచం దిగడం తగ్గిపోయింది. నేను సాయంత్రాలు ఆమె ముందే నా వేషం వల్లె వేసేదాన్ని. ఆమెకి బెంగాలీ బజారు వరకే వచ్చు. ఒక్కొక్క మాటా తెలుగులో చెబితే, చిన్నపిల్లలా నోరు తెరుచుకుని వినేది. ఆ బందీ ఆడదాని మీద ఆమెకి వల్లమాలిన జాలి. "మరి ఆ గుంట అలగ అరుస్తాదేటే?" అని అడిగిందొకరోజు.

"ఎవరూ నమ్మట్లేదు కదా పెద్దమ్మా."

"నమ్మరని తెలుసు కదా దానికి. మొదటిసారి సెప్పీవోళ్ళు అరుస్తారు. అలవాటైపోయినోళ్ళు అరవరే. సేతిలో పనేదో సేసుకుంటా సెప్తారు."

మర్నాడు రిహార్సల్లో ఆ మాటలన్నీ గొంతు దించి, పైట కొంగు మడత పెట్టుకుంటూ, పెరట్లో చేపల దగ్గర కూర్చున్నట్టే చెప్పాను. అద్భుతంగా చేశానని నాకు నేనే మురిసిపోయాను. దాదా చివరిదాకా విని, "బావుంది, కానీ వెనక వరసకి వినబడదు. అరవాలి" అన్నాడు. పోనీ ఏం చేస్తాం, అరిచాను.

దాదాకి ఇంకో బాధ ఉండేది. అంతా తెలిసినది లోపలికెందుకు వెళుతుంది? పారిపోవచ్చు, తలుపు ముందే కూలబడొచ్చు. ఆయన విధి అనేవాడు. ముసలాడి వేషం వేసే ఆయన అహంకారం అనేవాడు. టీ తాగుతూ దాని మీద వాళ్ళు గంటలు గంటలు వాదించుకునేవారు. నువ్వేమంటావని నన్నడిగితే తెలియదన్నాను. నిజంగానే తెలియదు.

పెద్దమ్మనడిగాను. అప్పుడేమీ చెప్పలేదు. ఆస్పత్రిలో చేరే ముందు రోజు, అమ్మ బజారుకి వెళ్ళినప్పుడు, నేను ఆమె జడ అల్లుతున్నాను. గుప్పెడు జుట్టు కూడా లేదు. "మొన్న అడిగినావు కదా, అదెందుకెల్తాదని" అంది.

"ఎందుకెల్తాది?"

"దానిది నాకు తెలీదు. నానెందుకెల్తన్నానో సెప్తానిను. నానెల్లకపోతే ఏటవుద్ది? ఎలాగూ పోతాను. పోయినాక మీయమ్మ జన్మంతా ఏడుస్తాది. ఎల్లుంటే బతికీదానివి కదప్పా, నానే బలవంతంగా పంపలేకపోయినాను అని. ఎల్లి పోయినాననుకో, అన్నీ సేసినాం, దేవుడి సిత్తం అనుకుంటాది. దానికి ఆ ముక్కయినా మిగలాల కదే. అది ఒంటిగా పడుకోవాల మరి, ఆ మంచం మీద."

జడ చివర రబ్బరు బ్యాండు వేశాను. ఆ ఒక్క కారణం కోసం, తను కోరుకున్న ఆ కొద్ది రోజుల్ని కూడా చెల్లెలికి ఇచ్చేస్తోంది పెద్దమ్మ. ఇచ్చినట్టు చెల్లెలికి తెలియనివ్వదు కూడా. నాకు ఏడుపొచ్చింది, అమ్మ మీద పట్టరాని కోపం వచ్చింది. ఆ కోపాన్ని కూడా పెద్దమ్మే పసిగట్టి, "దాన్నేటీ అనకు" అంది.

ఆపరేషన్ పొద్దున్నే పెట్టారు. అయ్యగారూ సంఘం ఆడవాళ్ళూ కింద హాల్లో ప్రార్థనలో ఉన్నారు. అమ్మ మందుల షాపుకి పరిగెత్తింది. ఆపరేషన్ గది బయట స్ట్రెచర్ మీద పెద్దమ్మ, పక్కన నేను. ఆకుపచ్చ గౌను తొడిగారు, గాజులు తీసేశారు. ఆ గాజుల్లేని చేతులు నేనెప్పుడూ చూడలేదు. ఆమె కాసేపు ఆ తలుపు వంక చూసి నా వైపు తిరిగింది.

"నువ్వైనా నమ్ముతన్నావేటే?"

"నమ్ముతన్నాను పెద్దమ్మా."

ఆ ఒక్క మాట కోసమే ఇన్నాళ్ళూ ఎదురు చూసిందని, అది వింటే ప్రాణం కుదుటపడుతుందని నేననుకున్నాను. అలా జరగలేదు. మొహంలో రంగు పోయింది. "అయితే నిజవేనేటే?" అంది. అన్నాళ్ళూ అంతమంది కాదు కాదంటుంటే, ఎక్కడో ఏ మూలో, నిజంగానే కాదేమో అని ఆమె కూడా ఆశ పెట్టుకుంది కాబోలు. నేను ఔననేసరికి ఆ మూల కూడా పోయింది. నా మణికట్టు పట్టుకుంది. అంత సన్నటి చేతుల్లో అంత పట్టు ఎక్కణ్ణుంచి వచ్చిందో! "నాకు బయ్యంగుందే, గుంటా" అంది. "నాకు బయ్యంగుంది."

నాకూ భయంగానే ఉంది. ఆమె మీదికి వంగి, చెంపకి చెంప ఆనించి, ఇద్దరం చప్పుడు రాకుండా ఏడ్చాం. స్ట్రెచర్ తోసే మనిషి కాసేపు ఎటో చూస్తూ నిలబడ్డాడు. తర్వాత మెత్తగానే, "దీదీ, ఛేడే దిన్" అన్నాడు. వదలండి అని.

అంతలో మెట్ల దగ్గర అమ్మ కనబడింది, మందుల కవరు పట్టుకుని ఆయాసపడుతూ. పెద్దమ్మ గబగబా గౌను చేత్తో మొహం తుడిచేసుకుంది. ఒక్క క్షణంలో మొహం మారిపోయింది. నేను ఇన్నేళ్ళు రంగస్థలం మీద ఉన్నాను, అంత తొందరగా మొహం మార్చిన మనిషిని చూడలేదు. నవ్వింది.

"ఓలే, వచ్చీసినాక నాకు అట్లు పొయ్యాల నువ్వు. పల్చగా. ఆస్పత్రి కూడు నాను తిన్ను."

"పోస్తాను, పోస్తాను, నువ్వు రాయే ముందు!" అంది అమ్మ, నవ్వుతూ, కళ్ళ నీళ్ళతో. నా వైపు తిరిగి, "సూసినావా దాని విస్వాసం!" అంది. తలుపు తెరుచుకుంది, పెద్దమ్మని లోపలికి తోసుకెళ్ళారు.

మధ్యలో గుండె నిలిచిపోయిందట. డాక్టరే బయటికొచ్చి, బెంచీ మీద అమ్మ పక్కన కూర్చుని, చేతులు పట్టుకుని చెప్పాడు. ఎవరి తప్పూ లేదు. ఎవరి తప్పూ లేకుండా కూడా మనుషులు పోతారు.

కృతజ్ఞత కూడికకని ఖాయం చేసిన శనివారమే, పోయినవాళ్ళ ఇంట్లో పెట్టే ఆదరణ కూడిక అయింది. షామియానా వాడికి రద్దు చెప్పాల్సిన పని లేకపోయింది, వంటమనిషికీ లేకపోయింది. ఖరగ్‌పూర్ వాళ్ళు వచ్చారు. మటన్ సరిపోయింది.

అయ్యగారు ఆ రోజు చెప్పిన ప్రసంగం వింటే రాళ్ళు కూడా కరుగుతాయి. ఈ తల్లికి ప్రభువు అన్నీ ముందే బయలుపరిచాడు, మన మధ్య ఒక ప్రవక్త్రి నడిచింది, మనమే ఎరగలేదు అన్నారు. ఒకరి తర్వాత ఒకరు లేచి సాక్ష్యం చెప్పారు. నా సంగతి ముందే చెప్పింది, మా వారి సంగతి ముందే చెప్పింది అని. చంటిపిల్లల్ని దాచుకున్న వాళ్ళే చెప్పారు! బతికున్నప్పుడు అరిష్టం, పోయాక ప్రవక్త్రి. లేచి నాలుగు కడిగేద్దామనుకున్నాను. అమ్మని చూసి ఆగిపోయాను. చాప మీద ఒక పక్కకి ఒరిగి కూర్చుంది, పక్కన ఇంకొకరికి చోటు వదిలినట్టు.

నాటకం వాయిదా వెయ్యడం కుదరలేదు. హాలు తీసేసుకున్నారు, టికెట్లు అమ్మేశారు. మానేస్తానంటే దాదా ఒప్పుకునేవాడే, నేనే మానలేదు. అమ్మని ఇంట్లో ఒక్కదాన్నే వదలడం ఇష్టం లేక నాతో తీసుకెళ్ళాను. నా నాటకానికి అమ్మ రావడం అదే మొదలు. మధ్యాహ్నం ఆట. తెల్లచీర కట్టుకుని ముందు వరసలో ఒళ్ళో సంచీ పెట్టుకుని కూర్చుంది.

నేను చాలాసేపు మాట లేకుండా నిలబడాలి. అందరూ ఆమెకి భాష రాదనుకుంటారు. తర్వాత నోరు విప్పాలి. ఆ నాలుగు మాటలూ నా భాషలోనే. అన్నాను. "లోపలికెల్తే నాను మరి రాను. నాకు తెలస్తంది." అరవలేదు. హాలు నిండా బెంగాలీ వాళ్ళే, ఆ మాటలు అర్థమైంది అమ్మ ఒక్కదానికే. ఆమె వైపు చూడకుండా ఉండడానికి చాలా కష్టపడ్డాను. ముసలాళ్ళు తలలూపారు, అయ్యో అన్నారు. నేను తిరిగి ఆ తలుపు వైపు నడిచాను. అది చెక్క, గుడ్డ, రంగు, అంతే. లోపలికి వెళ్ళాక తెర వెనక కూర్చుని, నాటకం అయ్యేదాకా ఏడుస్తూనే ఉన్నాను. ఎవరో నీళ్ళిచ్చారు.

తిరిగి వచ్చేటప్పుడు బాబూఘాట్‌లో లాంచీ ఎక్కాం. రైల్లో తొక్కిసలాట అమ్మ తట్టుకోలేదని. పొద్దుగూకుతోంది, నది మీద చలిగాలి. అమ్మ శాలువా తల మీదుగా కప్పుకుని రెయిలింగ్ పక్కన కూర్చుంది. నాటకం ఎలా ఉందని అడగడానికి నాకు ధైర్యం చాలలేదు.

"ఆ ముసలోళ్ళకి సెవుడేటే?" అంది ఉన్నట్టుండి.

"ఎవరికి?"

"మీ నాటకంలో ముసలోళ్ళకి. ఆ పిల్ల అంత సుబ్బరంగా సెప్తంది కదా, రానని, తెలస్తందని. నాకే అర్దమైపోనాది. ఆళ్ళకి అర్దం కాదేటి? సెయ్యట్టుకుని ఎనక్కి లాగొచ్చు కదా!" అమ్మ గొంతులో నిజమైన కోపం. రెయిలింగ్ మీద చేత్తో కొట్టింది కూడా.

నేను నీళ్ళ వంక చూస్తున్నాను. నా నోటి సంగతి మీకు తెలిసిందే. ఏ మాటైనా నాలుక చివరికి వచ్చిందంటే నేను ఆపుకున్న పాపాన పోలేదు. ఆ సాయంత్రం పళ్ళు బిగించి కూర్చున్నాను.

అమ్మ శాలువా కొంగుతో ముక్కు తుడుచుకుంది. "మా యప్ప నాతో ఒక్క ముక్క సెప్పుంటే" అంది. "ఒక్క ముక్క. దాన్ని ఆ తలుపు లోపలికి పంపీదాన్నేటే నాను? సచ్చినా పంపను. నా పక్కనే పడుకోబెట్టుకుందును."

అబద్ధం చెప్పడం లేదు అమ్మ. మొహం చూస్తేనే తెలుస్తోంది.

"పెద్దమ్మకి తెలీదమ్మా" అన్నాను. "తెలిస్తే నీకు సెప్పదేటి?"

"తెలీకుండా ఎలగుంటాది? దానికన్నీ తెలుసు" అంది అమ్మ. "నాకే సెప్పలేదు."